గుంజుకున్న గరిటె

“అమ్మమ్మా, రేపు నాటింగ్‌హామ్‌లో మా డాక్టర్ల స్ట్రైక్. హాస్పిటల్ ముందు పికెట్ లైన్‌లో నిలబడి కొట్టడానికి పాత గిన్నె, గరిటె ఏదైనా ఇస్తావా?”

ఆఁ, ఇస్త గని ఆ నాన్‌స్టిక్‌ది ముట్టకు, మీ అమ్మ నన్ను ఇంట్లకెల్లి ఎల్లగొడ్తది. ఆ డ్రాయర్ తియ్యి. అడుగున కట్టెపిడి గరిటె ఉంటది సూడు, వంకర పోయింది. ఆఁ, అదే. అది మనది కాదు బిడ్డా. నువ్వు పుట్టేముందు నేను ఒకని చేతులకెల్లి గుంజుకున్న.

నవ్వకు. మీ అమ్మ చెప్పలేదా ఎన్నడు? చెప్పదు, ఆమెకు నామోషి. కూసో ఇట్ల.

నువ్వు పుట్టింది అర్జెంటీనాల గదా, బ్యూనస్ ఐరిస్‌ల. మీ డాడీకి ఆడ నౌకరి. మీ అమ్మకు నెలలు నిండినయ్, కాన్పు చెయ్యనీకి నన్ను రమ్మన్నరు. నేనేమో హన్మకొండ దాటిందే తక్కువ. తిరుపతి ఒకపారి, మా ఆడబిడ్డ బిడ్డ పెండ్లికి షోలాపూర్ ఒకపారి. గంతే. ఆ ఆడబిడ్డ ఎయిర్‌పోర్టు దాక వచ్చి, నేను సచ్చిపోయినట్టె ఏడ్చింది. నా మీద పాయిరం అనుకుంటున్నవా? ఆమె పట్టుచీరె నా పెట్టెల పోతున్నదని. సరె, అది ఇడిసిపెట్టు.

ఆడికి పోతె ఏముంది, డిసెంబర్ నెలల ఎండలు దంచుతున్నయ్. నేనేమో స్వెట్టర్లు మోసుకపోయిన. పైంగ అప్పుడు ఆ దేశంల పెద్ద గడబిడ. జనం బ్యాంకుల ఏసుకున్న వాళ్ల సొంత పైసలకు సర్కారు అడ్డం పడ్డది, వారానికి ఇంత అని బిచ్చమేసినట్టు ఇస్తరట. దుకాన్లు లూటీ చేసుడు ఒకదిక్కు. ఇవన్ని నాకు తర్వాత తెలిసినయ్. చెప్తె భయపడ్తనని మీ డాడీ నాకు చెప్పనే లేదు. మొగోళ్ల తెలివి గట్లనె ఉంటది.

ఓనాడు రాత్రి మీ డాడీ ఆఫీసుల ఇర్కపోయిండు, బస్సుల్లేవు. నేను చారుకు పోపేస్తున్న. పక్క బాల్కనీల ఎవలో గిన్నె కొట్టుడు షురూ చేసిండ్రు. తర్వాత పైన. తర్వాత ఎదురింట్ల. జరసేపటికి ఊరు ఊరంత గిన్నెల మోతనే. నాకేం సమజైందో చెప్పు? మా నాయనమ్మోళ్ల ఊళ్లె గ్రహణం పడితె గిట్లనే పళ్లాలు కొట్టేటోళ్లు. గ్రహణమే అనుకున్న. ఇంట్ల నెలలు నిండిన పిల్లనాయె. గ్రహణం మొర్రి వస్తదంటరు గదా పుట్టేటోళ్లకు. నువ్వు డాక్టరువి, నవ్వుతవ్. నవ్వు. అప్పుడు నా కండ్ల ముంగట నీ మూతి ఉన్నది, నీ డిగ్రీ లేదు.

కిటికీలు మూసిన, పరదాలేసిన. మీ అమ్మను మంచం మీద సాపుగ పండబెట్టి, కదలకు, గోక్కోకు అన్న. వండిన చారు పారబోసిన. పచ్చడి సీసల గరిక ఎయ్యాలె గదా, ఆడ గరిక ఏడ దొరుకుతది, కొత్తిమీర ఏసిన. “అమ్మా, ఇయ్యాల పున్నమి కాదు” అంటది మీ అమ్మ. ఎండకాలమే తలకిందులైన దేశంల పున్నమి సక్కగ వస్తదని ఏం నమ్మకం అన్న.

అంతల ఆమెకు నొప్పులు మొదలైనయ్. దవాఖానకు పోదామంటది. గ్రహణం ఇడిసేదాక గడప దాటేది లేదు, ఓర్చుకో అన్న. ఓర్చుకోనీకి ఇదేమన్న దగ్గా అని అరిసింది పాపం.

అప్పుడొచ్చింది కిందింటి రోసమ్మ. అసలు పేరు రోసా, నా ఈడుదే. చేతిల పెనం. మమ్మల్ని గూడ కొట్టనీకి పిలుద్దామని వచ్చిన మనిషి, మీ అమ్మను చూసి పెనం కింద పడేసింది. ఆమె మాట మీ అమ్మకు తెలుస్తది. గ్రహణం లేదు ఏం లేదు, ప్రెసిడెంటు టీవీల కూసోని ఎమర్జెన్సీ పెట్టిండట. బయటికి రావద్దంటె జనం ఊకుంటరా? ఇంట్ల ఉన్నోళ్లు గూడ గిన్నెలు పట్టుకొని బయటికొచ్చిండ్రు. సర్కారు మీద కోపమైతె ముందుగాల్నె చెప్పొద్దా, నా చారు పాయె.

టాక్సీ లేదు. దవాఖాన దగ్గర్నే, నేనొకదిక్కు రోసమ్మ ఒకదిక్కు పట్టుకొని నడిపిచ్చినం. పెద్ద రోడ్డెక్కితె ఇసుకేస్తె రాలనంత జనం. మీ అమ్మ నిలబడిపోయింది, ఇగ నడువలేనమ్మా అన్నది. చెయ్యి చల్లగైంది. నాకు భయమైంది బిడ్డా. దేశంగాని దేశంల, రోడ్డు మీద, నా బిడ్డ నాకు దక్కదేమో అనుకున్న.

రోసమ్మ అరుస్తున్నది గని ఆ మోతల ఎవనికి ఇనవడ్తది. నా ముంగట తాటిచెట్టంత మనిషి, కండ్లు మూసుకొని కడాయి కొడ్తున్నడు, పూనకం వచ్చినోని లెక్క. వాని చేతులకెల్లి గరిటె గుంజుకున్న. “ఆపుర నీ కొట్టుడు, నా బిడ్డకు నొప్పులొస్తున్నయ్” అన్న, తెలుగులనె. మీ అమ్మ పొట్ట చూయించిన. వాడు చూసిండు. గరిటె అడుగలె. పక్కోని చెయ్యి పట్టి ఆపిండు, ఆ పక్కోడు ఇంకొకన్ని. గట్ల ముంగటి దాక ఒక్కొక్కలు ఆపుకుంట, జరుగుకుంట పోయిండ్రు. అంత జనంల మా చెప్పుల చప్పుడు ఇనవడ్డది. మేం దవాఖాన మెట్లెక్కినంక మళ్ల మొదలువెట్టిండ్రు, ఇంకింత గట్టిగ.

తెల్లారి నువ్వు పుట్టినవ్. ముందు మూతి చూసిన. సక్కగున్నది. ఆనాడే పోలీసులు జనం మీద కాల్చిండ్రు, ఎందరియో పాణాలు పోయినయ్, ఎవలి బిడ్డలో. ఆ తాటిచెట్టు ఏమైండో నాకు తెల్వది. గరిటె పట్టినప్పుడల్ల యాదికొస్తడు. పొద్దుగూకంగ ఆ ప్రెసిడెంటు మేడ మీదికెల్లి హెలికాప్టర్ ఎక్కి పోయిండు. ఇగ తమాష చూడు. నీ పేరు కోసం మీ డాడీ, మీ నాయనమ్మ ఫోన్ల కొట్లాడుడే కొట్లాడుడు, హలో హలో అనేలోపే కార్డు అయిపోయేది. నీకు ఒక్క పేరు తెగలె, ఆ దేశానికి పది పన్నెండు దినాలల్లనె అయిదుగురు ప్రెసిడెంట్లు అయ్యిండ్రు.

కరోనప్పుడు మన ఇంటి కాడ, ఈ స్టాన్‌మోర్‌ల, గురువారం గురువారం డాక్టర్ల కోసమని గిన్నెలు కొట్టిండ్రు గదా, అప్పుడు గూడ నేను ముందు ఆకాశం దిక్కే చూసిన. ఎవలకు చెప్పకు.

తీస్కపో బిడ్డా. గట్టిగ కొట్టు, సర్కారోళ్ల చెవులు గింగురుమనాలె. మీ అమ్మకు నేను చెప్త. సల్లగుండు, నీ చెయ్యి మంచిది. గని ఒక్కటి. దవాఖాన ముంగటనే నిలబడ్తరు గదా మీరు. లోపలికి ఎవలన్న నొప్పులతోని వస్తె నువ్వే ముందు కొట్టుడు ఆపు. ఎవలొ ముసల్ది వచ్చి గుంజుకునేదాక చూడకు.