పేరుపేరునా ఒక లొట్టి

ఆ ఫోన్ గట్ల బోర్లేసి పెట్టిన్రేంది సారూ? లోపల రికార్డింగ్ నడుస్తుందా? లేదా? లేకుంటే తిప్పి పెట్టున్రి. ఆఁ, గట్ల. ఏమనుకోకున్రి. ఈ మిర్యాలగూడ రైసుమిల్లుల ఇరవై ఏండ్ల సంది కాంటా మీద కూసుంటున్న. తడిసిన వడ్లు అడుగున పోసి పైన ఎండినయి కప్పి తెచ్చేటోళ్లను ఎంతమందిని పట్టిన్నో! లారీ వచ్చిందంటే డ్రైవర్ నవ్వు సూడ, బస్తా అడుగుల చెయ్యి పెట్టి సూస్త. అనుమానమే నా నౌకరీ.

ఛాయ్ తాగున్రి. అల్లం దంచి పోసింది మా ఇంటామె.

ఇగ అడుగున్రి. మా మేనల్లుడు ధర్మేందర్ మోచెయ్యి ఎప్పుడు పోయింది, గంతే గదా? మీ క్యాంపుల పోయింది. మీ గ్రౌండ్ల, మీ కోచ్ ముంగట, బేస్తారం పొద్దున. గింత ముచ్చటకు హైదరాబాద్ క్లబ్బు నుంచి కారేసుకొని వచ్చి ఎంక్వైరీ ఎందుకు సారూ?

డాక్టర్ చెప్పిండా? నరం అంతకు ముందే తెగడం మొదలైందనా? ఏ డాక్టర్? మీ క్లబ్బు డాక్టరే గదా! జీతం మీరిస్తరు, మాట ఆయన చెప్తడు. నాకు తెల్వదా!

నేను ఎనిమిదో తరగతి తప్పినోన్నే. గని ఆ అగ్రిమెంట్ వానితోని నాలుగుసార్లు సదివిపిచ్చుకున్న. క్యాంపుల దెబ్బ తాకితే ఆపరేషన్ మీది, వాని జాగ వానికే ఉంటది. బయట పోగొట్టుకుంటే ఖతం, ఇంటికి పొమ్మంటరు. అవునా కాదా? అందుకే బయట పోయిందని నాతోని అనిపిద్దామని వచ్చిన్రు. నవ్వకున్రి సారూ. నాకు నవ్వేటోళ్ల మీదనే ఎక్కువ అనుమానం.

అసలు వాడెవడో తెలుసా మీకు? మునగాలల మా అక్క వెంకటనర్సమ్మ కొడుకు. ఎండకాలం సెలవులకు నా దగ్గరికి వస్తుండె. మిల్లుల వడ్లు ఆరబోస్తే పిట్టలు దిగుతయి గదా, మట్టిగడ్డ తీసి ఏసేటోడు. పిట్టకు తగలనియ్యకపోయేటోడు సారూ! దాని ముక్కు ముంగట జానెడు దూరంల గడ్డ పడేది. అది బెదిరి లేసిపోయేది. సంపుడు ఎవడన్న సంపుతడు. జానెడు దూరంల ఏసుడు ఎవనికొస్తది?

సూర్యాపేట హైస్కూల్ల ఆటలు నేర్పే రవీందర్ సార్ పట్టిండు వాన్ని. క్రికెట్ అనుకున్న నేను. కాదట. బేస్‌బాలట. గిదేం ఆట సారూ, పరుగెత్తకుండ బౌలింగా? మట్టిదిబ్బ మీద నిలబడాలె, కొంగ లెక్క ఒక కాలు లేపాలె, నేలకు తగలకుండ ఏయాలె. వాన్ని పిచర్ అంటరట. జిల్లా ఆడిండు, స్టేట్ ఆడిండు, నేషనల్స్‌కు మూడుసార్లు పోయొచ్చిండు. కోదాడల ఒక మ్యాచ్‌ల వాడు బంతి ఏస్తుంటే రవీందర్ సార్ ఏదో పిస్తోలు అసొంటిది పట్టి సూస్తుండు. హైవే మీద లారీలకు పోలీసోళ్లు పెట్టేదే! ఈ పంతులు దాన్ని ఎక్కడ కొట్టేసుకొచ్చిండో అనుకున్న. స్పీడ్ సూసే మిషనట. నూట ముప్పై ఆరు వచ్చింది. ‘ఇగ చలానే’ అని నేనంటే గ్రౌండ్ గ్రౌండే నవ్వింది.

ఆ రవీందర్ సార్ మీద గూడ నాకు అనుమానమే. వాని బంతులు లెక్కపెట్టి బుక్కుల రాస్తడు. రోజుకు గిన్నే, ఏసినంక మూడు దినాలు చెయ్యి కదిలియ్యద్దు అంటడు. బంతులేమన్న వడ్ల బస్తాలా లెక్కపెట్టనీకి? పోరన్ని ఆపి ఇంకెవన్నో ముంగటికి తోస్తుండని నేను ఆయన ఎంబడి రెండు నెలలు కాపలా కాసిన. ఏం దొరకలే. ఏం దొరకకుంటే అనుమానం పోతదా? ఇంకింత అయితది.

మీ క్యాంపుల సంగతి గూడ విన్న. మోచేతికి ఐసు రుద్దుతరట! బిర్రుగైన నరానికి ఎవడన్న మంచు పెడతడా, కాపడం పెడతడా? మీ బంతి వేరేనట గదా, కుట్లు లావుగ ఉంటయట. నాకైతే ఆ బంతి మీదనే...

దావతా? ఏ దావత్?

ఎవరు చెప్పిన్రు మీకు? రవీందర్ సారా? ఆయన దావత్‌కు రానే రాలేదు గదా!

ఆఁ, చేసినం. ఎందుకు చెయ్యం? మునగాల పోరడు, మడికట్ల పెరిగినోడు, జీతమిచ్చి ఆడిచ్చే లీగుకు సంతకం పెట్టొచ్చిండు. సుట్టాలను పిలువమా? ఐతారం నాడు తాటివనంల పెట్టినం. రెండు యాటలు, కల్లు. మంగళారం వాడు మీ క్యాంపుకు బస్సెక్కిండు. గంతే.

బంతులా? ఏసిండు, రెండో మూడో. పిల్లలు ముచ్చటపడ్డరని.

ఏం కాయితం అది? ఇటియ్యున్రి. అద్దాలు ఆగున్రి...

వాని రాతే. ‘ఐతారం నాడు నేనే ఎవ్వరికీ చెప్పకుండా ప్రాక్టీస్ చేసిన. ఎవరూ చెయ్యమనలేదు. కోచ్ మాట వినకపోవుడు నా తప్పే.’ కింద సంతకం. ధర్మేందర్.

గిది ఎప్పుడు రాసిండు? నాకు చెప్పలే. నిన్న గూడ ఫోన్‌ల ‘తిన్నవా మామా’ అన్నడు గని గిది చెప్పలే.

గిది నిజమైతే ఏం చేస్తరు సారూ? తీసేస్తరా? మాట వినడని రాస్తరా వాని పేరు మీద? అంటే ఇంకే క్లబ్బోడు గూడ తీసుకోడు. ఇరవై రెండేండ్ల పోరడు సారూ.

జర మంచినీళ్లు తాగనియ్యున్రి.

వాడు మాట విన్నడు సారూ. నా మాట విన్నడు.

రెండో మూడో కాదు. గురవయ్య అని మా కల్లు గీసేటాయన, పగుళ్లుపట్టిన పాత లొట్లు, కల్లు పట్టే మట్టికుండలు తెచ్చి రెండు తాటిచెట్ల నడుమ దూలానికి వరసగ కట్టిండు. కట్టమన్నది నేనే. మా దిక్కు పెండ్లిల కట్నాలు సదివిస్తరు సూడున్రి, ఫలానా ఊరు, ఫలానా ఆయన అని మైకుల? గట్లనే మైకు పట్టి ఒక్కొక్కరి పేరు పిలిసిన. ‘మునగాల పెద్దబాపు పేరు మీద ఒక లొట్టి!’ పోరడు కాలు లేపి ఏసేటోడు. టప్పున పగిలేది. సప్పట్లు! పెద్దబాపు కండ్లల్ల నీళ్లు. ఇగ పక్కనున్నోడు ఊకుంటడా? పెద్దమనుషులందరు వరసగ కుర్సీలు జరుపుకొని కూసున్నరు, నా పేరెప్పుడు, నా పేరెప్పుడని.

గురవయ్య అన్నడు, ‘బక్కయ్యా, చెట్టును గూడ ఊకె గీస్తే ఎండిపోతది. పోరన్ని ఆపు’ అని. నీ కల్లు నువ్వు సూసుకో అన్న.

ముప్పై దాటినంక వాడు మోచెయ్యి ఒత్తుకున్నడు. ‘మామా, లోపల గుంజుతుంది. సాలు’ అన్నడు. నేను మైకు పక్కకు పెట్టి ఏమన్న? ‘మేళ్లచెరువోళ్లయి కాలేదురా. మునగాలోళ్లను పిలిసి వాళ్లను ఇడిసిపెడితే రేపు మన గడప తొక్కుతరా?’ అన్న. మేళ్లచెరువోళ్లయి అయిపోతుంటే కోదాడ వియ్యంకుడు లేసిండు. ‘మా పేరు మర్చిపోయారేంటండీ బక్కయ్యగారూ?’ అని తువ్వాల భుజం మీదేసుకున్నడు, పోనీకి తయారు. ఆయన పోతే ఆయన ఎంబడి జీపు జీపే పోతది. ‘కోదాడ!’ అని మైకుల అరిసిన.

మా అక్క వచ్చి వాని చెయ్యి పట్టింది సారూ. ‘సాలు రా’ అన్నది. నేను ఆమెనే కసిరిన, ఆడోళ్లకు ఏం తెలుసని.

యాభై రెండు పేర్లు. ఒక్కన్ని గూడ ఇడిసిపెట్టలే. వాడు చెయ్యి కిందికి ఏలాడేసి నిలబడ్డడు. గుడ్డి దీపం లెక్క అయింది మొకం. అందరు అన్నానికి లేస్తున్నరు.

దూలానికి ఒక్క లొట్టి మిగిలింది. మైకు ఇంకా నా చేతులనే ఉంది.

బక్కయ్యా, పోరని ఎంబడి ఇన్నేండ్లు తిరిగింది నువ్వు, నీ పేరు ఎవడన్న పిలిసిండా అనిపించింది నాకు. అనుమానం సారూ. మందిల నన్ను మరిసిపోయిన్రని. నేనే పిలుసుకున్న. ‘మేనమామ బక్కయ్య పేరు మీద!’

వాడు నా దిక్కు సూసిండు. కాలు లేపిండు, ఏసిండు. బంతి లొట్టి దాంక పోలే. నడుమనే పడి దొర్లింది. పిట్ట ముక్కు ముంగట జానెడు తప్పనోడు!

ఆ ఫోన్‌ల రికార్డింగ్ పెట్టున్రి సారూ. అవును, నేనే చెప్తున్న, పెట్టున్రి. వాని కాయితం అబద్ధం. ఆ బంతులు ఏపిచ్చింది నేను. ఊరు మిర్యాలగూడ, పేరు బక్కయ్య.

ఇంకొకటి గూడ రాసుకోన్రి. ఆ బంతి నడుమల పడ్డప్పుడు అందరు నవ్విన్రు. మొదలు నవ్వింది నేనే. మైకుల.