పెర్సీ గాంట్ రెండుసార్లు దూకిన విమానం

ఒక్క ఇంజను ఆగితే బాంబర్‌ని ఇంటికి తేవడం పెద్ద గొప్పేం కాదంటూ మొదలుపెట్టాడు పెర్సీ గాంట్. యుద్ధం ముగిసి నాలుగేళ్లయింది. ఇంగ్లండులో లింకన్‌షైర్‌లోని ఆ పల్లెకి అతనొచ్చి మూడు వారాలే. శనివారం మధ్యాహ్నం, పబ్బులో, కోటు మీద పతకం, చేతిలో ఎవరో కొనిపెట్టిన బీరు. యుద్ధంలో పోయినవాళ్ల పేర్లు చెక్కిన రాతి ముందు రేపు పూలచక్రం పెట్టే గౌరవం పాదిరిగారు అతనికే కట్టబెట్టారు. ఆ రాతి మీద మొదటి పేరు ఆల్బన్‌ది, పబ్బు నడిపే ఎనిడ్ తమ్ముడిది. ఆమెకి ఈ మనిషి మొదటిరోజు నుంచీ మింగుడుపడలేదు. అన్యాయంగా అనుమానిస్తున్నానేమోనని భయం కూడా ఉంది.

"ఒకటి ఆగింది, మూడున్నాయి కదా అనుకున్నా. రెండోదీ పోయింది, మూడోదీ పోయింది. ఆ తర్వాత ఏమైందో తెలుసా?"

"నాలుగోదీ పోయుంటుంది" అన్నాడు ముసలి రైతు ఏబెల్.

"పోయింది! కిటికీ తీసి, రెక్క మీదికి పాకి, బూటుకాలితో ఒక్క తన్ను తన్నా. నాలుగూ ఒక్కసారే లేచాయి!"

"మా ట్రాక్టరుక్కూడా ఓ తన్ను తన్ని పోరాదూ?"

"నవ్వండి, నవ్వండి. అంతలో మంటలు! దూకండర్రా అని ఆరుగురినీ దూకించా. పైలట్ సీట్లోంచి నేను లేచి, వెనక అరలోంచి నా పారాచూట్ లాక్కుని, ఛాతీకి తగిలించుకుని దూకేశా. సగం దారిలో గుర్తొచ్చింది, పొగాకు పైపు సీట్లోనే మరిచిపోయా! తాళ్లు పట్టుకుని పైకి ఎగబాకి, మళ్లీ విమానంలోకెళ్లి..."

"వెలిగించుకున్నావా?"

"మంట అక్కడే ఉందిగా! వెలిగించుకుని మళ్లీ దూకా. పోయి పోయి జర్మన్ జనరల్ గారి స్నానాల తొట్టిలో పడ్డా. తొట్టిలో ఆయన! సబ్బు చేత్తో పట్టుకునే లొంగిపోయాడు, ఆయనతో పాటు నాలుగువేల మంది సైన్యం!"

పబ్బంతా గొల్లుమంది. ఎనిడ్ మాత్రం నవ్వలేదు. తుడుస్తున్న గ్లాసు కింద పెట్టింది.

"పారాచూట్ ఎక్కణ్ణుంచి తీశారన్నారు?"

"వెనక అరలోంచి. ఎందుకమ్మా?"

"ఎయిర్‌ఫోర్స్‌లో మూడేళ్లు పారాచూట్లు మడిచాను నేను. మీరు చెప్పే బాంబర్‌లో మిగతా ఆరుగురివే అరల్లో ఉంటాయి. పైలట్‌ది అతని సీట్లోనే ఉంటుంది. దాని మీదే కూర్చుని నడుపుతాడు."

గాంట్ పతకాన్ని చేత్తో కప్పుకున్నాడు.

"అదేదో కంగారులో మాట తడబడింది. అంతమాత్రానికే..."

"ఆల్బన్‌ది నేనే మడిచాను" అంది ఎనిడ్. "వాడూ పైలటే. తనతో ఉన్న ఆరుగురూ దూకేదాకా మంటల్లో విమానాన్ని నిలకడగా పట్టుకున్నాడు. ఆరుగురూ బతికారు. మా తమ్ముడు ఆ పారాచూట్ మీద కూర్చునే పోయాడు. రేపు వాడి పేరు దగ్గరికి మీరు రాకండి."