పచ్చగవి సాక్ష్యం

ఓబులక్క అని ఒకామె, మేకలు కాసుకునేది. మొగుడు లేడు, కొడుకు గొర్రెలు తోలుకొని దూరం పోయినాడు, ఇంట్లో ఈమె, కోడలు సుంకులమ్మ. ఏమైందంటే, ఆ కోడలికి నెలలు నిండేకొద్దీ రేచీకటి వచ్చిందంట. పొద్దు వాలితే గోడ ఏదో గుమ్మం ఏదో తెలీదు. కడుపుతో ఉన్నోళ్లకి కొందరికి వస్తాది లే, మా చిన్నమ్మకీ వచ్చింది. "దీపం ముందర పెట్టినా బిడ్డ మొగం చూసుకోలేనేమో అత్తా" అని ఆ పిల్ల ఒకటే ఏడుపు.

ఆ ఊరి కొండలో పచ్చగవి అని ఒక గుహ. లోపల గోడల నిండా పాచి, ఆ పాచి తనంతట తాను వెలుగుతాదంట, వరిమడి మీద ఎండ పడినట్టు పచ్చగా. మడుగులో చేపలు ఆ పాచి తిని అవీ వెలుగుతాయి. ఇలకోడి, అదే కీచురాయి, అరిచిందనుకో, అరిచినంతసేపూ దాని ఒళ్లు వెలుగుతాది, మానుకుంటే ఆరిపోతాది. ఆ వెలుగులో రోజూ కాసేపు కూచుంటే రేచీకటి పోతాది. అయితే కట్టుబాటు ఉంది. లోపలికి దీపం తేగూడదు, బయటికి ఏదీ తీసుకుపోగూడదు. గవి గురించి తగువొస్తే ఆ మాట గవిలో నిలబడే చెప్పాల, బయట చెప్పింది చెల్లదు. ఓబులక్క రోజూ కోడల్ని చెయ్యిపట్టుకొని తీసుకుపోతా ఉండె. "అత్తా, నీ ముక్కుపుడక మెరుస్తాంది" అనే కాడికి వచ్చింది ఆ పిల్ల.

ఒకనాడు పొద్దున పోయి చూస్తే ఏముంది, గవి అంతా కటిక చీకటి. ఇలకోడి లేదు, చేప లేదు, కాలు పెడితే నలిగిన పాచి జారతాంది. సుంకులమ్మ అత్త చెయ్యి గట్టిగా పట్టుకునింది. "అత్తా, నా కండ్లు పూర్తిగా పోయినాయా?" అనె. "నీవి కాదే తల్లీ, నాకూ ఏం కనపడలా" అనె ఓబులక్క. ఇద్దరూ ఊళ్లోకి వచ్చేసరికి చావడి దగ్గర పెద్దలంతా కూచోనే ఉన్నారు, తీర్పు అయిపోనే అయిపోయింది. ఊరి పెద్ద పుల్లప్ప మీసం దువ్వుకుంటా, కడుపుతో ఉండే మనిషి గవి తొక్కింది, మైల తగిలి వెలుగు పోయింది, ఈ పొద్దే ఊరు విడిచి పొండి అన్నాడంట. నెలలు నిండిన మనిషినయ్యా! ఆ ఎండలో యాడికి పోతాది? అడిగినోడు లేడు. ఓబులక్కకి ఒళ్లు మండిపోయింది. "ఏం సామీ, నిన్ను మీయమ్మ కడుపుతో లేకుండానే కన్నదా?" అనె. "ఆడదానికి ఇంత నోరా!" అని పెద్దలు లేచినారు. "నా నోటి సంగతి తర్వాత. ఆ మాట గవిలోకొచ్చి చెప్పండి. మీ తాతలు పెట్టిన కట్టుబాటే గదా" అనె. ఇంక కాదనేదానికి లేదు, కదిలినారు, ఎనకాలే ఊరి జనమూ.

మిట్టమధ్యాన్నం గవిలో దూరినారు. పుల్లప్ప గొంతు సవరించుకొని, "ఈ సుంకులమ్మ మైల వల్ల" అని నోరు తెరిచినాడో లేదో, నాలిక పచ్చగా, పండ్లు పచ్చగా, లోపలంతా దీపం పెట్టినట్టుంది! "అత్తా, పెద్దాయన నోట్లో మిణుగురు దూరింది!" అని ఆ పిల్ల అరిచె. "నీకు కనపడిందా నా తల్లీ!" అని ఓబులక్క కోడల్ని వాటేసుకునింది. ఆమెకి తగువు కంటే అదే ఎక్కువ, చూడు. "అబద్ధం!" అని ఇంకో పెద్ద అరిచినాడు, ఆయన నోరూ వెలిగింది. "పట్టుకోండి దాన్ని!" అని ఇంకొకాయన, ఆయనదీ అంతే. పెద్దల్లో బాలన్న అనే ఒక్కాయన నోరు మాత్రం నల్లగుంది. ఆయన కోపం చూడాల! "ఓహో, రాత్రి పుల్లప్ప మనవడి పుట్టెంట్రుకల విందులో చేపల పులుసు పెట్టినారంటే, చెరువెండిపోయినాక చేపలు యాడివి అనుకుంటి. దివిటీలేసుకొని వచ్చి ఇక్కడియి గంపలకెత్తినారా? తొక్కి తొక్కి పాచి పాడుచేసినారా? నన్ను పిలవనైనా పిలవలేదే!" ఆయన బాధ అది. దీపాల కింద తిని, దీపాల కిందనే పండుకున్నోళ్లకి తమ నోళ్లు వెలుగుతున్నాయని ఎట్ల తెలుస్తాది?

పుల్లప్ప సిగ్గుపడినాడనుకుంటున్నారా? నోటికి చెయ్యి అడ్డం పెట్టుకొని, వేళ్ల సందుల్లోంచి వెలుతురు కారుతా ఉంటే, "గవి నన్ను మెచ్చింది, తన మహిమ నాకిచ్చింది" అన్నాడంట! దండం పెట్టినోళ్లు కూడా ఉన్నారు, ఏం చెప్పాల ఈ జనానికి. ఓబులక్క నెమ్మదిగా అనె. "మహిమయితే మంచిదే సామీ. ఊరికే పోనీకు. నా కోడలికి కాన్పయ్యేదాకా మీరంతా రోజూ వచ్చి ఈడ కూచోండి, నోళ్లు తెరుచుకొని." మహిమ అని చెప్పినాక రానంటే ఎట్ల?

కూచున్నారు, వరసగా. దవడలు నొప్పి పుట్టి ఎవరన్నా మూస్తే, "ఏం సామీ, ఆరిపోతివే" అనేదంట ఓబులక్క. వాళ్ల చొంగ కారిన చోట మళ్లీ పాచి మొలిచింది. సుంకులమ్మకి ఆడపిల్ల పుట్టింది, చిన్న ప్రమిద వెలుగులోనే బిడ్డ మొగం చూసుకునింది. అంతా బాగానే ఉంది గానీ, "తప్పయిందమ్మా" అని మాత్రం ఒక్కడూ అనలేదు. అన్ని రోజులు నోళ్లు తెరుచుకొనే కూచున్నారు గదా, ఆ ఒక్క మాట రాలేదు చూడు.