పద్నాలుగు నిండిన పిల్ల

పద్నాలుగేళ్ళ వరకు పిల్లలను బడిలో ఉంచమని చట్టం నిర్బంధిస్తుంది. ఆపైన ఇంటివాళ్ళ వివేకానికి వదిలేస్తుంది. ఆ వివేకం ప్రతి ఇంట్లోనూ ఉంటుందని ఎలా నమ్మిందో తెలియదు. బరంపురంలో ఒక పప్పుల దుకాణం వెనక గదిలో ఇద్దరు అక్కచెల్లెళ్ళు మాట్లాడుకుంటున్నారు.

“అక్కా, నన్ను తొమ్మిదిలో వెయ్యాలా, దుకాణంలో కూకోబెట్టాలా అని నాన్న నిన్నే అడుగుతాడంట. ఏటి సెప్తావు?”

“నీకు పద్నాలుగు నిండిపోనాయి కదే. నన్నూ అప్పుడే మానిపించీసేరు. కందిపప్పు తూకమేసినంతలో సచ్చిపోనానా?”

“వారం రోజులు ఏడిసేవంట. అమ్మ సెప్పింది.”

“అమ్మకేటి, పని లేదా?”

“నేను మానేస్తే నిన్ను మళ్ళీ బడికి పంపుతారా?”

“ఇరవై ఏళ్ళదాన్ని ఎవులు పంపుతారే!”

“మరి నేను మానేస్తే నీకేటొస్తాది?”

“పొద్దున్నే నువ్వు రెండు జడలకీ రిబ్బన్లు కట్టుకుని, ఆ ఒడియా పద్యాలు పాడుకుంటా నా ముందునించి ఎల్లడం సూడక్కర్లేదు. అదొస్తాది.”

“పాడనులే. వెనక గుమ్మంలోంచి ఎల్తాను.”

“ఎటునించెల్లినా, బడికెల్తన్నావని నాకు తెలీదా?”

“నాన్న నీ మాటే ఇంటాడక్కా.”

దుకాణంలోంచి తండ్రి పిలిచాడు. చెల్లెలు అక్క చెయ్యి పట్టుకుంది. అక్క విడిపించుకుని, గట్టిగా బదులు చెప్పింది.

“దాన్ని సదివించు నాన్నా. భంజనగర్‌లో హాస్టలుందంట, అక్కడెయ్యి. ఈ ఇంట్లోంచి మాత్రం బడికెల్లకూడదు.”