ఉన్నది ఉన్నట్టే

కోర్టు వరండాలో, మెట్ల పక్కన బెంచీ మీద కుట్టుకొట్టు నడిపే ఆవిడా, ఆమె లాయరూ కూర్చున్నారు. ఆవిడ మెడలో కొలతల టేపు అలాగే వేలాడుతోంది.

“శుభవార్తమ్మా. మనకి స్టే వచ్చింది.”

“ఏడు నెలలకా! నా కొట్టుకెళ్ళే దారికి అడ్డంగా ఆ పక్క స్థలంవాడు గోడ కడతానని సుద్దతో గీత గీసిన రోజే కేసు వేశాం కదండీ, అర్జంటని.”

“అర్జంటనే రాశానమ్మా.”

“ఒకసారి జడ్జిగారు సెలవు. ఒకసారి అవతలి లాయరుకి జ్వరం. ఇంకోసారి ఫైలే కనపడలేదు. ఆ గోడకి మాత్రం ఒక్క వాయిదా పడలేదు. నా తలెత్తు దాటిపోయింది.”

“సరే, ఇప్పుడు ఆర్డరొచ్చిందిగా. ఉన్నది ఉన్నట్టే ఉంచాలి. ఎవరూ ముట్టుకోకూడదు.”

“ఏది ఉన్నట్టు? గోడా?”

“అదే మరి. తుది తీర్పు దాకా మీరు ఒక్క ఇటుక కదిపినా కోర్టు ధిక్కారమే.”

“బాగుందండీ సంబడం! నాకు బట్టలు కుట్టడానికిచ్చేవాళ్ళు గోడెక్కొచ్చి కొలతలిస్తారా?”

“ఇన్నాళ్ళూ మీరెలా వెళ్తున్నారు?”

“ఇటు నిచ్చెన, అటు స్టూలు వేసుకుని. ఈ మోకాళ్ళతో.”

“ఆ నిచ్చెన ఇవాళ పొద్దున గోడకే ఉందా?”

“ఉంది.”

“ఇంకేం! దాన్ని కూడా ఎవరూ కదపకూడదు. ఉన్నది ఉన్నట్టేగా.”

“దాని పైమెట్టు విరిగిందండీ. కనీసం అదైనా బాగు చేయించుకోవచ్చా?”

లాయరుగారు కట్టేసిన ఫైలు మళ్ళీ విప్పారు.

“తొందరపడకండమ్మా. పిటిషన్ వేద్దాం.”