కర్జకాన్ మైదానంలో మా డప్పు

సభకు పెద్దగా కూర్చున్న జగ్గారావు గారికి, వేదిక మీద ఆయన పక్కన ముడుచుకుని కూర్చున్న మా అల్ నఖ్లా ఫుట్‌బాల్ క్లబ్ కెప్టెన్ యూసుఫ్‌కు, ముందు వరసలో తెల్లటి పొడుగు అంగీ సర్దుకుంటున్న హసన్ చాచాకు, ఆయన చెవిలో నా మాటలు హిందీలో వేస్తున్న దేవేందర్‌కు, మామీర్ క్యాంపు నుంచి బస్సు మాట్లాడుకుని వచ్చిన తమ్ముళ్లకు, నయీమ్ నుంచి నడిచి వచ్చిన అన్నలకు, ఇళ్లలో డ్యూటీ ముగించుకుని, మేడమ్‌లను బతిమాలి వచ్చిన అక్కచెల్లెళ్లకు, అందరికీ ఈ మల్లేష్ దండాలు.

మైకు ముందు నిలబడటం నాకు కొత్త. నాకు తెలిసింది గడ్డి. జగిత్యాల దగ్గరి పల్లె నుంచి ఈ అరబ్బు దేశానికి బిల్డింగు పనికి వచ్చాను. ఆ కంపెనీ మూతపడితే కర్జకాన్‌లో ఈ క్లబ్ నన్ను పనిలో పెట్టుకుంది. మైదానానికి నీళ్లు పెట్టడం, గడ్డి కోయడం, సున్నంతో గీతలు గీయడం, గోలుకు వల కట్టడం, ఇదే నా ఉద్యోగం. మోకాళ్లు ఇక చాలంటున్నాయి కాబట్టి ఇంటికి పోతున్నాను. నాకు వీడ్కోలు సభ చేస్తున్నారని చెబితే నా భార్య భీమవ్వ ఫోన్లో, "గడ్డికి నీళ్లు వట్టినోనికి సభ ఏంది? నువ్వు పోతున్నవని గడ్డి ఏడుస్తున్నదా?" అంది. (నవ్వులు) ఏడవదు. వారం నీళ్లు పెట్టకపోతే ఎండిపోతుంది, అంతే.

నా గురించి ఇంతకంటే చెప్పేదేమీ లేదు. నాకిచ్చిన సమయంలో, మొన్న ముగిసిన మా సీజన్ గురించి చెప్పుకుంటాను. చూసినవాళ్లు ఇక్కడ చాలామంది ఉన్నారు. చూడనివాళ్లు కూడా ఉన్నారు. వాళ్లకు తెలియాలి.

మా క్లబ్ చిన్నది. ఎన్నో ఏళ్లు కింది లీగ్‌లో ఆడి ఆడి, ఈసారి పెద్ద లీగ్‌కు ఎక్కింది. పెద్ద లీగ్ అంటే వేరే లోకం. అవతలి జట్లకు పరదేశం నుంచి కొని తెచ్చుకున్న ఆటగాళ్లు ఉంటారు. మావాళ్లు చాలామంది ఆ ఊరి పిల్లలే. యూసుఫ్ పగలంతా ఫైర్ స్టేషన్‌లో డ్యూటీ చేసి, అదే అలసటతో వచ్చి సాయంత్రం ప్రాక్టీసు చేస్తాడు. సీజన్ చివరికి అడుగున మిగిలిన జట్లు మళ్లీ కింది లీగ్‌కు దిగిపోతాయి. మేము మొదటి ఆట ఓడాం, రెండోదీ ఓడాం, ఆ తరువాతదీ ఓడాం. ఎక్కిన ఏడాదే దిగడం ఖాయమని ఊరివాళ్లే అనుకుని మ్యాచ్‌లకు రావడం మానేశారు. ఖాళీ గ్యాలరీ ముందు ఆడే జట్టును చూడటం, బాబూ, అది ఎవరూ రాని పెళ్లికి వంట చేసినట్టుంటుంది.

ఇప్పుడు అధ్యక్షుల వారు నన్ను కొంచెం క్షమించాలి. ఆ రోజుల్లోనే మన తెలుగు సంఘం దసరా ప్రోగ్రాం జరిగింది. లచ్చన్న మీకందరికీ తెలుసు. మామీర్ పక్కన పైపుల యార్డులో పనిచేస్తాడు, మా జిల్లావాడే. సెలవుకు వెళ్లి వస్తూ ఇంటి నుంచి డప్పు తెచ్చుకున్నాడు. ప్రోగ్రాంలో వాయిస్తానని రిహార్సల్‌కు వచ్చాడు. జగ్గారావు గారు డప్పు చూసి, "లచ్చన్నా, ఏమనుకోకయ్యా, చావుకి కొట్టేది పండగ పూట స్టేజీ మీదేంటి? పెద్దపెద్దోళ్లు వస్తున్నారు, మన పరువేం కావాలి?" అన్నారు. కోపంగా అనలేదు. మెల్లగానే అన్నారు. లచ్చన్న "మంచిది సార్" అని డప్పును సంచిలో పెట్టుకున్నాడు. వాళ్ల తాత వాయించాడు, తండ్రి వాయించాడు, పెళ్లికి, జాతరకు, పీర్ల పండుగకు, అవును, చావుకు కూడా. ఊళ్లో ఆ మాట ఎన్నిసార్లు పడ్డాడో, సముద్రం దాటి వచ్చాక కూడా మళ్లీ పడ్డాడు.



బయట మెట్ల మీద నేను ఆయన పక్కన కూర్చున్నాను.

"లచ్చన్నా, శుక్కురారం మా గ్రౌండుకు రా. డప్పు తీస్కరా" అన్నాను.

"గాడ ఎవరికి కొట్టాలె?"

"ఓడిపోయెటోళ్లకు."

ఆయన నవ్వాడు. శుక్రవారం వచ్చాడు.

ఆ రోజు గాలిలో తేమ ఎంతుందంటే చొక్కాలు పిండుకోవచ్చు. డప్పు తోలు వదులై, కొడితే తడిబట్ట మీద కొట్టినట్టుంది. గేటు దగ్గర టీ కాచే అతని నిప్పుల మీద కాపుదామని లచ్చన్న కూర్చున్నాడు. అప్పుడు ఒక పెద్దాయన వచ్చి పక్కనే గొంతుకూర్చున్నారు. అదిగో, ఆయనే, హసన్ చాచా. ఏమీ అడగకుండా డప్పు చేతిలోకి తీసుకుని, నిప్పుకు దగ్గరగా ఒకసారి, దూరంగా ఒకసారి తిప్పి, వేలి కణుపుతో కొట్టి చెవి దగ్గర పెట్టుకుని విన్నారు. వాళ్ల ఊళ్లో పెళ్లిళ్లకు తోలు వాయిద్యం వాయించేది ఆయనేనట. వాళ్లూ అలాగే కాపుతారట.

"దఫ్?" అన్నారాయన, వాళ్ల వాయిద్యం పేరుతో.

"ఆఁ, డప్పే" అన్నాడు లచ్చన్న.

ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకుని, ఇందులో చెప్పుకోవలసింది ఇంకేమీ లేదన్నట్టు మళ్లీ నిప్పుల వైపు తిరిగారు. తరువాత పేరు అడిగితే హసన్ అన్నారు. లచ్చన్న లేచి నిలబడి, "మా ఊర్ల పీర్లకు హసన్ హుసేన్ పేర్లతోనే డప్పు కొడుతం చాచా" అన్నాడు. నేను వచ్చీరాని హిందీలో ఆ మాట చెప్పాను. చాచా లచ్చన్న చెయ్యి పట్టుకుని తీసుకెళ్లి గ్యాలరీలో తన పక్కన కూర్చోబెట్టుకున్నారు. ఆ సీజన్ అంతా ఆ చోటు లచ్చన్నదే.

ఆ రోజు మేము గెలవలేదు. కానీ మొదటిసారిగా ఓటమి తప్పింది, సమానంగా ముగిసింది. ఆట అయ్యాక ఈ యూసుఫ్ చెమటతో వచ్చి, కంచె మీదుగా చెయ్యి చాచి డప్పు మీద అరచెయ్యి పెట్టి, "అగ్లే జుమ్మా భీ, భాయ్?" అన్నాడు. వచ్చే శుక్రవారం కూడా వస్తావా అని. ఎంతమంది మనల్ని రమ్మని అడుగుతారు చెప్పండి ఈ దేశంలో? రమ్మని ఆర్డరు వేస్తారు. అడగరు.

తరువాతి శుక్రవారం క్యాంపు నుంచి మనవాళ్లు కొందరు తోడు వచ్చారు. ఆ పైవారం బస్సు నిండింది. గోదావరి జిల్లాల వాళ్లు ఈలలు తెచ్చారు, మావాళ్లు గొంతులు తెచ్చారు. వాళ్లలో బుజ్జిబాబు అయితే ఆఫ్‌సైడ్ అంటే ఏమిటో సీజన్ అయిపోయేదాకా తెలుసుకోకుండానే ప్రతిసారీ రిఫరీని తిట్టాడు. (నవ్వులు) డప్పు వింటూ ఊరివాళ్లు ఒక్కొక్కరే తిరిగి వచ్చారు. చలికాలంలో మేము గెలిచాం కూడా. పై జట్లలో ఒకదాన్ని ఓడించిన రోజు గ్యాలరీలో అరబ్బీ ఏదో, తెలుగు ఏదో నాకు తెలియలేదు.

ఆ రోజు ఎవరో తీసిన వీడియో మన గ్రూపుల్లో తిరిగింది. దాని కింద కొందరు మనవాళ్లే, అరబ్బుల ముందు డప్పులు కొట్టి పరువు తీస్తున్నారని రాశారు. అధ్యక్షుల వారు నాకు ఫోన్ చేశారు.

"ఏంటయ్యా మల్లేషూ, నువ్వన్నా చెప్పొద్దా వాళ్లకి?"

"చెప్పిన సార్. వచ్చే శుక్కురారం జెర ముందుగాల రమ్మని చెప్పిన. మీరు గూడ రాండ్రి, కుర్చీ తుడిసి వెడత" అన్నాను.

ఆయన ఫోన్ పెట్టేశారు. రాలేదు. మేము కొట్టడం ఆపలేదు.

ఎండలు ముదిరే వేళకు యార్డులో పైపు జారి లచ్చన్న ఎడమ చెయ్యి నలిగింది. రెండు వేళ్లకు ఆపరేషన్ చేశారు. ఆయన ఆసుపత్రిలో ఉన్నన్నాళ్లూ మేము వరసగా ఓడాం. డప్పు లేక ఓడామని నేను అనను. మా గోల్‌కీపర్‌కు మోకాలు వాచింది, ముందు ఆడే కుర్రాడికి జ్వరం, అవతలి జట్లు బలమైనవి. ఉన్నమాట చెప్పుకోవాలి. ఏమైతేనేం, చివరి ఆట వచ్చేసరికి గెలిస్తేనే పెద్ద లీగ్‌లో ఉంటాం, లేకపోతే దిగిపోతాం.

ఆ రోజు నేను గీతలు గీసి, వలలు కట్టి, నీళ్లు పెట్టి గ్యాలరీ వైపు చూస్తే లచ్చన్న కనిపించాడు. చేతికి కట్టు, ఒళ్లో డప్పు. ఆట మొదలైతే నాకు పని ఉండదు, పైకి ఎక్కాను.

"కుడి చెయ్యి మంచిగనే ఉన్నది. ఎడమదాంతోని డప్పు వట్టరాదు. నువ్వు వట్టుకుంటవా అన్నా?" అన్నాడు.

మా ఇళ్లలో డప్పు వింటారు, పట్టుకోరు. ఆ సంగతి ఆయనకు తెలుసు, నాకు తెలుసు. అడిగి మొహం పక్కకు తిప్పుకున్నాడు. నేను కాదంటే ఆ మొహం నేను చూడకూడదని తిప్పుకున్నాడు. నేను తాడు మెడలో వేసుకుని, డప్పును రెండు చేతులా పట్టుకుని ఛాతీకి ఆనించుకున్నాను. లచ్చన్న కుడిచేత్తో కొట్టాడు. దూరం నుంచి విన్నప్పుడు అది చప్పుడు. ఛాతీ మీద పెట్టుకుంటే లోపల ఇంకొకరెవరో ఉన్నట్టుంటుంది. ఆ ఆట ముగిసేవరకు నేను దించలేదు.

యూసుఫ్ తలతో కొట్టి గోలు వేశాడు. చాలాసేపు మేమే ముందున్నాం. ఇక అయిపోతుందనగా అవతలివాళ్లు సమానం చేశారు. విజిల్ పడింది. ఖలాస్. మావాళ్లు ఎక్కడివాళ్లు అక్కడే గడ్డి మీద పడిపోయారు. గ్యాలరీలో ఎవరూ లేవలేదు. క్లబ్ పిలుపు మీద జగ్గారావు గారు ఆ రోజు వచ్చారు, కింది వరసలో కూర్చున్నారు. ఆయన కూడా కదల్లేదు.

"అన్నా, తిన్నగ వట్టు" అన్నాడు లచ్చన్న.

నాకు భయమేసింది. "ఏ దెబ్బ కొడుతవ్?" అన్నాను.

"పెండ్లికొడుకును తోల్కవచ్చే దెబ్బ."

"ఓడిపోయిన్రు గదనే."

"సచ్చినోళ్లకు కొట్టే దెబ్బ నాకెరుకే అన్నా. గీళ్లు సావలే గద" అన్నాడు.



కొట్టాడు. ముందు యూసుఫ్ లేచాడు. లేచి మిగతావాళ్లను చేతులు పట్టి ఒక్కొక్కరినే లేపాడు. అందరూ నడిచి మా గ్యాలరీ కింద నిలబడ్డారు. ఏడుస్తున్నవాళ్లు ఏడుస్తూనే చప్పట్లతో దెబ్బ అందుకున్నారు. గెలిచిన మ్యాచ్‌కు కూడా అంతసేపు ఎవరూ ఆగలేదు. గేటు దగ్గర జగ్గారావు గారు లచ్చన్న ముందు ఆగి, "చెయ్యి ఎలా ఉందయ్యా?" అన్నారు. "మానుతది సార్" అన్నాడు లచ్చన్న. అంతే జరిగింది. ఆ మాట చిన్నదని నేను అనుకోను సార్. చాలని కూడా అనుకోను.

వచ్చే సీజన్ మా క్లబ్ కింది లీగ్‌లో ఆడుతుంది. యూసుఫ్‌ను ఒక పెద్ద క్లబ్ పిలిచింది. జట్టును తిరిగి పైకి ఎక్కించాకే వస్తానని చెప్పాడు. ఇది నేను చెబుతానని అతనికి తెలియదు, తన పేరు వినబడి అలా నేల చూస్తున్నాడు. (చప్పట్లు) క్యాంపువాళ్లు బస్సు వాడితో అప్పుడే మాట్లాడేసుకున్నారు. నా పని వెంకటికి అప్పగించాను. నీళ్లు తెల్లవారుజామునే పెట్టు వెంకటీ, ఎండెక్కాక పెడితే గడ్డి మాడిపోతుంది.

ఒక్క మాట చెప్పి దిగుతాను. ఈ సభ గురించి కమిటీ వారు చెప్పినప్పుడు నేను కోరింది ఒకటే, లచ్చన్న ఈ వేదిక మీద వాయించాలని. "చూద్దాం, టైం తక్కువ" అన్నారు వాళ్లు. నిన్న ఆహ్వానపత్రం చేతికిచ్చారు. నా పేరు పెద్ద అక్షరాల్లో ఉంది. అతిథుల పేర్లు ఉన్నాయి, నృత్యం ఉంది, భోజనాలు ఉన్నాయి. లచ్చన్న లేడు. నేను కోపం తెచ్చుకోలేదు. గడ్డి పనిచేసేవాడికి కోపం పనికిరాదు, పట్టుదల కావాలి. టైం లేదన్నారు కదా, నాకిచ్చిన టైంలో సగం మిగిల్చాను. అది నాది. ఎవరికి ఇవ్వాలో నా ఇష్టం. వచ్చే దసరాకు మాత్రం ఆయన పేరు అచ్చులో ఉండాలి జగ్గారావు గారూ. నేను అప్పటికి ఊళ్లో ఉంటాను. అయినా ఫోన్ చేసి అడుగుతాను.

(అధ్యక్షులు లేచి, తమ కుర్చీని తామే పక్కకు జరిపి వేదిక మధ్యలో చోటు చేశారు. చాలాసేపు చప్పట్లు.)

షుక్రన్, థాంక్స్ సార్. ఈ దేశంలో ఇన్నేళ్లు నాకు అన్నం పెట్టిన క్లబ్‌కు, భాష తెలియకపోయినా పక్కన చోటిచ్చిన హసన్ చాచాకు, ఎండలో వచ్చి గొంతులు పోగొట్టుకున్న మీ అందరికీ నా కృతజ్ఞతలు. ఏదైనా ఎక్కువ మాట్లాడి ఉంటే, ఎక్కువే మాట్లాడాను, అట్లే ఉండనీయండి.

యల్లా, లచ్చన్నా, లే. నేను దిగుతున్న, నువ్వు ఎక్కు.

సెలవు.