దేబె మళ్ళీ వాయించని పాట

దేబె గురించా? కూర్చో మరి బిడ్డా, ఎండలో నిలబడతావేం. టీ పోసుకో. పంచదార లేదు, నా కోడలు దాచేస్తుంది పళ్ళు పోతాయని. పళ్ళే లేనిదానికి ఇంకేం పోతాయో. ఆఁ, దేబె.

వాడు మా బెసా కొడుకు. మంట దగ్గర ఎప్పుడు పాడినా ఆడవాళ్ళలో బెసా, నేనూ పక్కపక్కనే. వాడి చేతులు చిన్నప్పట్నించీ ఊరుకునేవి కావు. వాళ్ళ నాన్నది వేటవిల్లు లాక్కుని, కొస నోటికి ఆనించుకుని తీగ మీటేవాడు. పెద్దయ్యాక నూనెడబ్బాకి తీగలు బిగించి గిటారు చేసుకున్నాడు. అప్పట్లో గాంజీ ఊరి పశువుల ఫారాల్లో పనికెళ్ళిన మన కుర్రాళ్ళకి మన పాటంటేనే నామోషీ. "అడివి మనుషుల ఏడుపు" అనేవాళ్ళు అక్కడి జనం, మనవాళ్ళు తలొంచుకునేవాళ్ళు. మరి దేబె ఏం చేశాడు, జిరాఫీ పాట తీసుకెళ్ళి గిటారు మీదకెక్కించాడు. అదేరా, జబ్బుపడ్డవాళ్ళ కోసం మంట చుట్టూ కూర్చుని పాడతామే, అది. దాని నడక కాస్త తొందర చేసి, నడుం ఊగేట్టు వాయించేసరికి అక్కడి సారాకొట్లో జనం లేచి ఎగిరారు. వెక్కిరించినవాళ్ళే ఎగిరారు. ఆ రోజుల్లో చూడాలి వాడి మొహం. "మన పాట బతికింది పిన్నీ" అన్నాడు. మేమూ మురిసిపోయాం, ఎందుకబద్ధం.

ఆ చలికాలం బెసాకి జబ్బు చేసింది. రొమ్ములో నొప్పి, ఊపిరాడదు. మంట వేసి, దాన్ని పక్కన పడుకోబెట్టాం. ముసలి కామ్‌కో కాళ్ళకి గజ్జెలు చుట్టుకుని లేచాడు, చెయ్యి వేసి జబ్బు లాగేది ఆయనే. పాటకి ఒళ్ళు వేడెక్కితేనే ఆ చేతికి బలమొచ్చేది. జిరాఫీ పాట ఎత్తుకున్నామో లేదో, వెనక కుర్రకారు కిసుక్కుమన్నారు. ఒకడు సారాకొట్లో వేసే కేకే వేశాడు. ఇంకో ఇద్దరు నడుం తిప్పారు. వాళ్ళననడానికేముంది, వాళ్ళెరిగిన పాట అదే. మా చప్పట్లు తడబడ్డాయి. ముసలాయన రెండు చుట్లు తిరిగి ఆగిపోయాడు. "ఒళ్ళు వేడెక్కట్లేదమ్మా, ఈ పాటలో నాకేం దొరకట్లేదు" అని కూలబడ్డాడు. తిట్టలేదు. తిట్టినా బాగుండేది. దేబె మోకాళ్ళలో తల దూర్చుకుని ఇసక గీకుతున్నాడు, వాడివైపు ఎవరూ చూడలేదు. అప్పుడు బెసా, ఊపిరాడకపోయినా, "మొహాలు అలా పెడతారేం, వాడు వాయిస్తే నా కాలూ ఆడింది" అంది. కొడుకుని కాసుకోడానికి అంది. అది విని వాడు లేచి పొదల్లోకి వెళ్ళిపోయాడు.

వేరే పాట పాడాంలే. వానలదాకా బతికింది బెసా. ఆ ముసలాయన మాత్రం అందర్నీ నిలబెట్టాడా ఏంటి. కానీ తన పాట వల్లే పోయిందనుకున్న దేబెకి ఆ మాట ఎక్కితేగా.

చాన్నాళ్ళు గిటారు ముట్టలేదు వాడు. తర్వాత నా దగ్గరికొచ్చి, కళ్ళు నేల మీదే పెట్టి, "పిన్నీ, ఏ పాట బయటికి తీసుకెళ్ళచ్చు, ఏది వద్దు?" అన్నాడు. ఆడవాళ్ళం అంతా కూర్చుని, ఆడపిల్లలు ఆటలో పుచ్చకాయ విసురుకుంటూ పాడేవి ఇచ్చాం. రేడియోలో నువ్వు విన్నవి అవే, వాటితోనే పేరొచ్చింది. ఎక్కడికెళ్ళినా ఎవడో ఒకడు జిరాఫీ పాట కొట్టమనేవాడు. "నాకు రాదు" అనేవాడు. అంతమంది ముందు, తన పాట తనకి రాదని. చచ్చేదాకా అదే మాట.

మేమా? మేమూ మానేశాం. వాడు పోయాక ఒకసారి, వాడి చెల్లెలి బిడ్డకి జ్వరమొస్తే, పోనీలే అని నేనే ఎత్తుకున్నాను. గొంతు బాగానే లేచింది. చేతులు... చప్పట్లు కొట్టబోతే నా చేతులకి సారాకొట్టు నడకే వచ్చింది, బిడ్డా. ఆపి మళ్ళీ మొదలెట్టినా అదే.

ఆ కుక్క ఎందుకలా మొరుగుతోంది, చూడు వెళ్ళి.